క్రాక్ వేయించిన కంప్యూటర్

తెనాలి,
ఆగస్టు 2008.

ప్రియమైన అమ్మకు,

ప్రభువు పేరట నీ కూతురు కృపారాణి వందనాలు. ఆయన దయవల్ల ఇక్కడ మేమందరం బాగానే ఉన్నాం. రేపల్లెలో నీ మోకాళ్ళు కూడా బాగున్నాయని రాస్తే ఇంకా బాగుంటాం. ఫోన్లో నేనొకటి చెబితే నీకు ఇంకొకటి వినపడుతోంది కాబట్టి ఉత్తరమే రాస్తున్నాను. కళ్ళజోడు పెట్టుకుని నిదానంగా చదువు.

ముందు నీ ప్రశ్నలకు జవాబులు. మీ అల్లుడికి దగ్గు తగ్గింది. గోంగూర పచ్చడి అయిపోయింది, సీసా కడిగి దాచాను. ఇక, "పగిలిన కంప్యూటర్ కొన్నావటేంటే, కళ్ళు కనపడలా?" అని రాశావు. అమ్మా, కంప్యూటర్ పగల్లేదు. క్రాక్ వేయించానన్నాను. కంప్యూటర్‌ను నడిపించే విండోస్ అసలుది కొనడం మాలాంటి జిరాక్స్ కొట్టువాళ్ళ తరమా? దొంగ కాపీ ఎక్కించాం. కొన్నాళ్ళకు అది "నేను అసలుదాన్ని కాదు" అని తెరమీద తనే చాటుకోవడం మొదలుపెట్టింది. దాని నోరు మూయించే చిన్న ప్రోగ్రామునే క్రాక్ అంటారు. సీడీలమ్మే పున్నారావు ఇచ్చాడు.

"ఏం కాదక్కా, ఊరంతా ఇదే వాడతన్నారు" అన్నాడు. ఊరంతా అన్నాక ఇంక నేనెంత? దాన్ని వేసే ముందు వైరస్‌ను ఆపే ప్రోగ్రాము తీసేయమని అందులోనే రాసి ఉంది. దొంగ వచ్చి "కాస్త మీ కుక్కను కట్టేయండి" అంటే కట్టేసినట్టు, బుద్ధిగా తీసేశాను. నాకంటే తెలివితక్కువది తెనాలి మొత్తంలో ఉంటుందా, చెప్పు!

వారం తిరక్కుండా కంప్యూటర్ తెరుచుకోవడం మానేసింది. మా మరిది జాన్ బాబు బాపట్లలో కాలేజీ ల్యాబ్ చూస్తాడు కదా, కబురు చేస్తే రైలెక్కి వచ్చాడు. విండోస్ బదులు వాడుకునే లినక్స్ అని ఒక సీడీ తెచ్చాడు. లోపల ఏమీ ఎక్కించకుండానే, ఆ సీడీతోనే కంప్యూటర్ లేచి కూర్చుంది.

"దీన్ని ఎంతకి కొన్నావయ్యా?" అన్నాను.

"కొనడమేంటి వదినా, ఊరికే ఇస్తారు. ఎంతమందికి కాపీ చేసిచ్చినా తప్పు కాదు."

"ఊరికే వచ్చేదాంట్లో ఏదో మెలిక ఉంటుందిలే."

"మెలిక పున్నారావు ఇచ్చినదాంట్లో కదా ఉంది!" అని నవ్వాడు.

నాకు సిగ్గేసింది. దొంగసరుకును కళ్ళు మూసుకుని నమ్మి, నిజాయితీగా పంచిపెట్టేదాన్ని అనుమానించాను. నాన్న తను కట్టిన పాటల బాణీలను ఇలాగే కదమ్మా పంచింది? ఏ ఊరి సంఘంవాళ్ళు వచ్చి అడిగినా కూర్చోబెట్టి నేర్పేవాడు. ఇది నాది అన్న మాట ఆయన నోట ఒక్కసారీ వినలేదు. ఇప్పుడు కొట్లో లినక్సే ఎక్కించుకున్నాం. తెలుగు టైపు పాత అలవాటు ప్రకారం రాక తిప్పలు పడుతున్నాను కానీ, నేర్చుకుంటాను.

ఇంతసేపూ చుట్టూ తిరుగుతున్నది ఒకే మాట చెప్పలేక. నాన్న పాట సీడీ ఎప్పుడు పంపుతావని అడిగావు. అమ్మా, కంప్యూటర్లో రికార్డు చేసి దాచిన ఆ పాట పోయింది. క్రాక్‌తో వచ్చిన వైరస్ పాటల ఫైళ్ళను వెతికి వెతికి చెరిపేసింది. జాన్ బాబు ఎంత తంటాలు పడ్డా తిరిగి రాలేదు. నాన్న జ్ఞాపకార్థ కూడికలో క్వయర్ పిల్లలు ఆ పాటే పాడాలని, "ఆ బాణీ నాకు రాదు, ఆయనకే వచ్చు, మా అమ్మాయి సీడీ పంపుద్ది" అని నువ్వు అందరికీ మాటిచ్చావు. ఏ మొహం పెట్టుకుని చెప్పను? రెండు రోజులు అన్నం సయించలేదు.

ఒక్కటి మాత్రం మిగిలింది. నువ్వూ నాన్నా ఇక్కడికి వచ్చినప్పుడు, మైకు పనిచేస్తోందో లేదో చూడ్డానికి చేసిన ట్రయల్ రికార్డింగ్. అది వేరే రకం ఫైలు కాబట్టి వైరస్ ముట్టుకోలేదు. జాన్ బాబు పెట్టి వినిపించాడు. నాన్న గొంతు సవరించుకుని ఎత్తుకున్నాడు. రెండో చరణం దగ్గర నువ్వు ఆపేశావు.

"అది కాదండీ. అక్కడ దిగగూడదు, పైకెత్తాలి."

"నేను కట్టిన బాణీ నాకే నేర్పుతున్నావా?"

"మీరు కట్టి మర్చిపోయారు. వినండి."

ఇక మొదటినుంచి చివరిదాకా నువ్వే పాడావమ్మా. ఎక్కడా తడబడలేదు. అయిపోయాక నాన్న నాతో అన్నాడు: "అమ్మాయ్, ఇది చెరపమాక."

దాన్నే సీడీలో ఎక్కించి ఈ ఉత్తరంతో పంపుతున్నాను. నీ చెవికి సరిగా వినపడకపోయినా బాధపడకు, అందులో ఉన్నది నీ గొంతే. క్వయర్ పిల్లలను ఇంటికి పిలిచి కూర్చోబెట్టి నేర్పు. ఆ బాణీ రాదని మాత్రం అనకు, నువ్వు పాడింది నాన్న విన్నాడు.

ఇట్లు,
కూడికలో ముందు వరసలో కూర్చోబోయే
నీ కూతురు,
కృపారాణి