పదకొండేళ్లకో ప్లస్

2024 అక్టోబర్ 9, జనగామ
రేపు సద్దుల బతుకమ్మ. మా ఊరు టేకుమట్లకు పోతున్నాను. కాలేజీ లాబ్ తాళాలు అటెండర్ పోశాలుకు ఇచ్చాను. దసరాకు మిషన్లకు పూజ చేస్తానన్నాడు. చేసుకో, స్విచ్‌లు మాత్రం ముట్టకు అన్నాను. నాకు దేవుడి మీద పెద్ద నమ్మకం లేదు. ఆ మాటకొస్తే ఫిల్ములు కాల్చే ఫర్నేస్ మీదా లేదు.

అక్టోబర్ 16
ప్లస్!
మీటర్ వైర్లు తారుమారయ్యాయేమోనని విప్పి మళ్లీ పెట్టాను. ప్లస్. మల్టీమీటర్ మార్చాను. ప్లస్.
గాజు మీద పల్చగా పూసిన జింక్ ఆక్సైడ్ ఫిల్మ్ మీటర్‌లో ఎప్పుడూ మైనస్సే చూపిస్తుంది. దాన్ని ప్లస్ చేయగలిగితే ఎల్‌ఈడీలు చవకగా చేయొచ్చని ప్రపంచమంతా కిందామీదా పడుతోంది. స్టోర్‌రూమ్ పక్క గదిలో, పదకొండేళ్లుగా కాంట్రాక్ట్ లెక్చరర్‌గా పడి ఉన్న నాకు దొరికింది. మెట్ల మీద కూర్చుని ఏడ్చాను.

2025 ఫిబ్రవరి 3
పేపర్ యాక్సెప్ట్ అయింది. మా పీహెచ్‌డీ గైడ్ రఘునాథ్ సార్ రిటైరై మహబూబాబాద్‌లో ఉంటున్నారు. ఫోన్ చేస్తే, జర ఆగు బిడ్డా, నడిమింట్ల కూసొని వింట, మల్ల జెప్పు అన్నారు. మూడుసార్లు చెప్పించుకున్నారు.
హైదరాబాద్‌లో ఒక రీసెర్చ్ సెంటర్‌కు అప్లై చేశాను. సైంటిస్ట్, పర్మనెంట్. వయసు లిమిట్‌కు నాకిదే ఆఖరి ఏడు.

ఏప్రిల్ 19
పద్నాలుగు ఫిల్ములు. పద్నాలుగూ మైనస్.

ఏప్రిల్ 20
ఆదివారం కూడా మైనస్సే.

ఆగస్టు 22
ఇంటర్వ్యూ. బోర్డంతా ఆ ఒక్క పేపర్ గురించే అడిగింది. రిజల్ట్ మళ్లీ వచ్చిందా అన్నారు. ట్రై చేస్తున్నాం సార్ అన్నాను. పిల్లి కళ్లు మూసుకుని పాలు తాగినట్టు. సాయంత్రమే సెలెక్ట్ అయ్యానని చెప్పారు. ఆర్డర్ నెలన్నరలో వస్తుందట.

సెప్టెంబర్ 26
పోశాలు తాళాల కోసం వచ్చాడు. పోయినేడు లెక్కనే చేస్త మేడం, పొయ్యి నోట్లె సాక గూడ పోస్త అన్నాడు. ఏం సాక అన్నాను. గదే మేడం, బెల్లంనీళ్లు, పసుపు, యాపాకు, గొట్టంల పోసి మల్ల తడిబట్టతోని సాఫ్‌గ తుడిసిన, మీకు పెద్ద నౌకరి రావాలని పోశమ్మకు మొక్కిన అన్నాడు. ఎంత సంబరంగా చెప్పాడో.
ఫిల్మ్ కాల్చేది ఆ గొట్టంలోనే. వేలికున్న చెమట తగిలితేనే పాడయ్యే ఫిల్మ్. కాల్చే ముందు ప్రతిసారీ గొట్టాన్ని యాసిడ్‌తో కడిగామని పేపర్లో రాశాను. పోయిన దసరా సెలవుల తర్వాత అది తళతళలాడుతుంటే కడగలేదు. పోశాలు తప్పేమీ లేదు.

సెప్టెంబర్ 27, మధ్యాహ్నం
పోశాలును పిలిచి సాక పోయమన్నాను. మురిసిపోతూ పోశాడు, తుడిచాడు. ఫిల్మ్ కాల్చాను.
ప్లస్.
ఆ ఫిల్మ్‌ను డిస్టిల్డ్ వాటర్‌తో కడిగాను. మైనస్. అంటే ఫిల్మ్ ఏమీ మారలేదు. దాని మీద పేరుకున్న బెల్లంనీళ్ల ఉప్పులు మీటర్‌ను ఆడించాయి, అంతే. పేపర్లో పోశాలు పేరు లేదు. ప్రయోగం చేసింది మాత్రం అతనే.

సెప్టెంబర్ 30
రఘునాథ్ సార్‌కు చెప్పాను. ఆర్డర్ చేతికొచ్చేదాంక గమ్మునుండు బిడ్డా, ఎవల పేపర్ల లేవు గిట్లాంటియి అన్నారు. కోపం వచ్చింది. ఆ మాట వినడానికే ఫోన్ చేశానని అర్థమయ్యాక నా మీద నాకే అసహ్యం వేసింది.

అక్టోబర్ 6
జరిగిందంతా జర్నల్‌కు రాశాను. సెంటర్‌కూ రాశాను. సెంటర్ నుంచి గంటలో జవాబు. ఒకటే లైన్. సెలెక్షన్ రద్దు. చివర్న థాంక్యూ కూడా ఉంది.
ఆర్డర్ వచ్చిందా అని పోశాలు అడిగాడు. రాదన్నాను. సాక జర తక్కువ పోసిన కావచ్చు మేడం అని ముఖం చిన్నబుచ్చుకున్నాడు. సరిగ్గానే పోశావులే అన్నాను.

నవంబర్ 18
పేపర్ రిట్రాక్ట్ అయింది, చెల్లదని జర్నల్ వెనక్కి తీసుకుంది. బతికున్న తొమ్మిది నెలల్లో దాన్ని చూసినవాళ్లు నలభై ఒక్కరు. రిట్రాక్షన్ నోటీసును ఈ ఒక్కరోజే తొమ్మిది వందల మంది చూశారు.
అందులో నాలుగుసార్లు నేనే.