సూదిపోట్ల బొమ్మ

లైబ్రరీ పెద్దసారుకి, లేసు అల్లే ముసలమ్మ చెప్పి రాయిస్తున్నది.

సముద్రజీవుల ఆకారాల పుస్తకంలో ఒక బొమ్మ నిండా సూదిపోట్లు ఉన్నాయని నా మనవరాలి కార్డు రద్దు చేశారట. పొడిచింది నేను. “తెలియక చేసిందని రాయనా, అమ్మమ్మా?” అంటోంది ఈ ఉత్తరం రాస్తున్న పిల్ల. తెలిసే చేశాను. మా పనిలో బొమ్మ కింద కాగితం పెట్టి చుక్కలు పొడుచుకుని, వాటి వెంట దారం నడుపుతాం.

నాకు అక్షరం ముక్క రాదు. ఆ బొమ్మలోని ప్రాణి ఆవగింజలో వందో వంతు కూడా ఉండదని పిల్లే చదివి చెప్పింది. చేతుల్లేవు, కళ్లు లేవు. అంత పిసరు ప్రాణి తన బంతిలాంటి గూటిని ఆరు మూలల గళ్లతో అల్లుకుంది. అది మా అమ్మ నేర్పిన అల్లిక! మా ఇంట్లోనే పుట్టిందని అరవై ఏళ్లుగా గొప్పలు చెప్పుకున్నాను.

అక్కడక్కడా ఒక గడికి అయిదు మూలలే ఉంటే, పాపం లెక్క తప్పిందిలే అని నవ్వి, నేను ఆరే వేశాను. నా లేసు చాపలా పడుకుంది. ఎంత లాగినా లేవలేదు. అంతా విప్పి, అది అయిదు వేసినచోటల్లా నేనూ అయిదు వేశాను. దానంతటదే గిన్నెలా లేచింది. తప్పు నాది, సారూ. నాకు నోట మాట రాలేదు. మా ఇంట్లో ఇలాంటిది ఎన్నడూ జరగలేదని పిల్ల సాక్ష్యం.

ఆ లేసు ఈ కవరులోనే పెట్టాను. బల్ల మీద వదిలేయండి, లేచి కూర్చుంటుంది. అది చూశాక మీకూ నోట మాట రాకపోతే, పిల్ల కార్డు పిల్లకిచ్చేయండి. అప్పటికీ మాటలు మిగిలుంటే దాచుకోండి, వినడానికి నేనే వస్తాను.