నేల అదిరే పాట

మారికుప్పం,
శుక్రవారం.

అప్పకు జూలియా రాసేది.

ఇక్కడ అమ్మ, అవ్వ, నేను దేవుని దయవల్ల బాగుండాము. నువ్వు ఆ కొండల చలిలో, సొరంగం పనిలో క్షేమంగా ఉండావని నమ్ముతాను. ఇంగ మంచి మాటలు అయిపోయినాయి. నీ ఉత్తరం చదివితే ఒళ్ళు మండింది అప్పా. కూతురు బైకెక్కి బూదికోటకు పోతే అది ప్రేమే అయ్యుండాలా? డెన్నిస్ చిన్నాయన బైకు వెనక నన్ను చూసినాడు గానీ, నా ఒళ్ళో ఉన్న స్పీకరును చూడలేదు.

ఆ పిల్లోడు ఎవడని అడిగినావు. నాగేశ్. డిగ్రీలో నా క్లాసే. నేను తెలుగులో ర్యాప్ రాసి పాడతాను, నాగేశ్ ల్యాప్‌టాప్‌లో బీటు కడతాడు. మా బాణీని ట్రాప్ అంటారు. అడుగున గుండెల్లో గుద్దే బేస్, పైన చిటచిటా ఆగకుండా పరిగెత్తే తాళం, నడుమ నా మాట. అమెరికాలో పేదోళ్ళ వీధుల్లో పుట్టిందంట, మన గని కూలీల లైన్ ఇండ్లకు బాగానే సరిపోయింది. పై తాళం మాత్రం ఎవరిదీ కాపీ కొట్టలేదు. బూదికోటలో నాగేశ్ వాళ్ళింట్లో పట్టుపురుగులు ఆకు మేసే చప్పుడు అది. గదినిండా ఒక్కసారిగా మేస్తే వాన పడినట్టుంటుంది. మేము మైకు పెట్టుకొని కూర్చుంటే వాళ్ళ నాయన ఓబలప్ప తలుపు కాడ నిలబడి, "ఏమ్మా, నా పురుగులకూ పాట నేర్పిస్తుండారా? అవి గూడు కట్టకపోతే నువ్వే కట్టాల!" అన్నాడు. ఇదీ నా ప్రేమకథ.

బెంగళూరు పాటల కంపెనీ సంగతి అడిగినావు. పోయినాను. "కేజీఎఫ్‌లో ఇంకా మనుషులుండారా?" అని అడిగి, వాళ్ళలో వాళ్ళే నవ్వుకున్నారు. లేచి వచ్చేసినాను.

ఇంగ నీ అసలు కోపం. "గనిలో చచ్చినోళ్ళ మీద పాట కట్టి మా అమ్మను వీధిలో పరిగెత్తించినావు, ఆ చప్పుడు తీసెయ్" అని రాసినావు. జరిగింది విను.

మనింటి ముందుగదిలో స్పీకరు పెట్టి బేస్ వదిలినాము. అలమారలో స్టీలు గ్లాసులు గలగలమన్నాయి. రాగులు చెరుగుతున్న అవ్వ చేట పడేసి, చెప్పులు కూడా లేకుండా వీధిలోకి దూకింది. పక్కింటి గంగులమ్మ కూడా. ఇద్దరూ ఆ వయసులో ఆ పరుగేమిటి అప్పా, నేను అందుకోలేకపోయినాను. గని గేటు కాడ పోయి నిలబడినారు. నేను నడక నేర్చేలోపే మూసేసిన గని అది. గంగులమ్మ కొంగు నోటికి అడ్డం పెట్టుకొని అవ్వను అడిగింది:

"ఏ షిఫ్టు, హన్నమ్మా?"

లోపల బండ పేలి నేల అదిరితే, ఏ షిఫ్టోళ్ళు కింద ఉండారో అని ఆడవాళ్ళంతా అట్లే పరిగెత్తేవాళ్ళంట. తాత పోయిన దినమూ అవ్వ అట్లే పరిగెత్తిందంట. అది నాకు గంగులమ్మ చెప్పింది. నువ్వు ఎప్పుడైనా చెప్పినావా?

"పాట అవ్వా, ఉత్త పాట!" అంటే అవ్వ నా వీపున ఒకటి వేసింది. "పాటా? ప్రాణం పోయింది గదే, దెయ్యమా!" గంగులమ్మ నవ్వింది. నవ్వుతానే ఏడ్చింది.

ఇప్పుడు ఇంతవరకు నేను దాచిన మాట. ఆ చప్పుడు తీసెయ్యమని నీకంటే ముందు నేనే నాగేశ్‌కు చెప్పినాను. వద్దన్నది అవ్వ.

"మీ తాత పోయిన దినం గేటు కాడ అందరూ నన్ను నోరు మూసుకొని ప్రార్థన చెయ్యమన్నారు. చేసినాను. ఇప్పుడన్నా అడగనీ" అని మైకు ముందర కూర్చుంది. పాటలో బేస్ పడిన ప్రతిసారీ "ఏ షిఫ్టు?" అని అడిగే గొంతు మీ అమ్మది. చివర్లో ఆ గొంతు జీరపోయింది. నాగేశ్ సరిచేస్తానంటే నేను ముట్టనియ్యలేదు.

అప్పుడు నువ్వు చిన్నోడివి. ఇప్పుడు రోజూ నువ్వే నేల కిందికి దిగుతుండావు. ఆ చప్పుడు నీకెందుకు వద్దో నాకు అర్థమైతుంది. కానీ దానికోసం అవ్వ నోరు ఇంకోసారి మూయించలేను.

ఆదివారం చర్చి నుంచి రాగానే పాట యూట్యూబ్‌లో పెడతాను. కింద నాగేశ్ పేరు, నా పేరు, హన్నమ్మ పేరు ఉంటాయి. ఆ చప్పుడు తీసెయ్యను.

ఇట్లు,
నీ కూతురు
జూలియా