రష్యాకు పంపాల్సిన ముగింపు

వాల్బీ,
నవంబరు 1913

ప్రియమైన అమ్మకి,

థైరా నమస్కరించి రాసుకునేది. దేవుడి దయవల్ల ఇక్కడ నేనూ చెల్లీ కులాసాగా ఉన్నాం. నీ మోకాళ్ళ నొప్పి తగ్గిందని తలుస్తాను. నువ్వు పంపిన ఎండు చేపలు అందిన రోజే ఎబ్బా సగం ఖాళీ చేసింది. ఊరంతా గోడల మీద దాని బొమ్మే ఉన్నా, ఇంట్లో మాత్రం ఒట్టి తిండిపోతు.

దాని కళ్ళు ఎందుకు ఎర్రబడుతున్నాయని అడిగావు. స్టూడియో దీపాల వెలుగు అలాంటిది. ఇంటికి రాగానే పచ్చి బంగాళాదుంప ముక్కలు కళ్ళమీద పెడుతున్నాను. "ఆకలేస్తే ఇవి కూడా తినేస్తానక్కా" అంటుంది.

చర్చి దగ్గర మారెన్ పిన్ని "మీ చిన్నది ప్రతి సినిమాలోనూ చస్తుందటగా" అని దెప్పిందని రాశావు. ఆవిడకి చెప్పు, ఇక్కడ ఒకే సినిమాకి రెండు ముగింపులు తీస్తారు. మనవాళ్ళకి కథ సుఖంగా ముగియాలి. రష్యావాళ్ళకి ఏడిస్తే గాని సినిమా చూసినట్టుండదట. అందుకని పొద్దున పెళ్ళికూతురైన పిల్ల మధ్యాహ్నానికి నీళ్ళలో దూకుతుంది. రెండింటికీ బట్టలు కుట్టేది నేనే.

రొట్టెల దుకాణం నుంచి స్టూడియోకి బుట్ట మోసుకొచ్చిన పిల్లమ్మా ఇది. మొదట గుంపులో నిలబెట్టారు. తర్వాత గుర్రం మీంచి దూకమన్నారు, దూకింది. ఇప్పుడు ట్రాములో మగవాళ్ళు టోపీ తీసి చోటిస్తున్నారు. నా చెల్లెలని చెప్పడం కాదు, అలా నటించే మనిషిని నేను చూడలేదు.

ఇక అసలు సంగతి. రాయాలా వద్దా అని తటపటాయిస్తూ ఇవన్నీ రాశాను.

ఈసారి ఎబ్బా జాలరి భార్య. మనవాళ్ళ ముగింపులో భర్త పడవ తిరిగొస్తుంది. రష్యా ముగింపులో రాదు. "నేలమీద పడి దొర్లు, జుట్టు పీక్కో" అన్నారు దర్శకుడు లౌరిడ్స్ గారు. ఎబ్బా తలూపింది. కెమెరా తిరగ్గానే బల్ల ముందు కూర్చుని, మర్నాటి వేటకి గాలాలకు ఎర గుచ్చడం మొదలుపెట్టింది. ఒక్క కన్నీటి చుక్క లేదు. నాన్న పడవ తిరిగి రాని రోజు నువ్వు చేసినట్టే చేసిందమ్మా.

లౌరిడ్స్ గారు ముక్కు తుడుచుకుంటూ, "ఏడవమంటే నన్ను ఏడిపించావేం పిల్లా?" అన్నారు. మన దేశంలోనూ ఇదే ముగింపు చూపిస్తానని పట్టుబట్టారు. దీంతో ఎబ్బా పేరు ఎక్కడికో వెళుతుందని ఆయన నమ్మకం, నా నమ్మకం కూడా. కానీ అది ఒప్పుకోలేదు. "అది మా అమ్మ దుఃఖం. మా ఊళ్ళో అందరూ గుర్తుపడతారు. అమ్మ సరేనంటేనే" అని భీష్మించుకు కూర్చుంది. నువ్వు వద్దంటే ఆ ముగింపు ఒక్క రష్యాకే పోతుంది. మనూళ్ళో పడవ తిరిగొస్తుంది.

నిన్న ఆ రీలు మాకు వేసి చూపించారు. పైన దాని చేతులు ఆగలేదు. బల్లకింద కాళ్ళు మాత్రం ఆగకుండా వణికాయి.

"అదెక్కడ నేర్చుకున్నావే?" అన్నాను.

"నేర్చుకోలేదక్కా. ఆ వేళ నేను బల్లకింద అమ్మ కాళ్ళ దగ్గరే కదా దాక్కుంది" అంది.

ఆ రోజు ఏడవలేదని ఊళ్ళోవాళ్ళు నిన్ను రాతిగుండె మనిషి అన్నారు. వాళ్ళని ఒక్కసారి చూడనివ్వమ్మా.

ఇట్లు,
నీ పెద్దకూతురు
థైరా