ఊడదీసిన వరస

తమ్ముడూ,

ఇటలీలో చిన్న చిన్న సినిమాలకు కథలు రాస్తూనే బతికావు. అవి అర్థం కావని ఫోన్లో విసుక్కునేదాన్ని. నువ్వు పోయి నేటికి ఏడాది. నీ చివరి సినిమా మన నరసాపురం చర్చి హాల్లో వేయించాను. లేసు అల్లే ఆడవాళ్లందరూ వచ్చారు.

తెరమీద ఒక ముసలావిడ మాటా పలుకూ లేకుండా లేసు అల్లుతోంది. మనవాళ్లు ఆవిడ మొహం చూడలేదు, వేళ్లే చూశారు.

"కుట్టు తప్పిందమ్మా, ఊడదీయాలి," అన్నారు పక్కనే కూర్చున్న మార్తమ్మగారు.

"అది సినిమా అండి," అన్నాను.

అంతలోనే తెరమీద ముసలావిడ ఆగి, వరసంతా ఊడదీసింది. మార్తమ్మగారు స్థిమితపడ్డారు.

చిన్నప్పుడు నేను ఊడదీస్తుంటే, ఎదురుగా కూర్చుని ఆ దారం ఉండ చుట్టే పని నీది. తెరమీద ఆవిడ ఎదుట ఖాళీ పీట ఉంది. దారమంతా నేలమీద పడుతోంది.

నా చేతులు ఒళ్లో వాటంతటవే, లేని దారాన్ని ఉండ చుట్టసాగాయి.

అక్క