మంత్రిని అడిగిన మాట

సికింద్రాబాద్

అమ్మకు దండాలు. ఫోన్‌లో నీకు సరిగ్గా వినపడదని కార్డు రాస్తున్నాను. నేను, తమ్ముడు ఇద్దరం క్షేమమే.

మా నాటక కంపెనీ యుద్ధం మీద కొత్త నాటకం రిహార్సల్ చేస్తోంది. అందులో నేను చనిపోయిన సైనికుడి తల్లిని. మంత్రి పతకం తెస్తే విసిరికొట్టి అరవాలి. నిన్న సాయంత్రం హాలు కిటికీల్లోంచి పసుపు ఎండ పడింది. మల్కాజ్‌గిరి వైపు వెళ్లే రైలు చప్పుడు వింటూ, కలలో ఉన్నట్టు అరవడమే మరిచిపోయాను. మంత్రి వేషంలో ఉన్న జంగయ్య కాక చెయ్యి పట్టుకుని, "సారూ, ఆ పొద్దు మా పిలగాడు అన్నం తిన్నడా?" అని అడిగాను. డైరెక్టర్ యామిని గారు, "ఇంక అరవొద్దు సృజనా, ఇదే ఉంచు" అన్నారు.

తమ్ముడు సరిహద్దుకు వెళ్లినప్పటి నుంచి నువ్వు ప్రతి ఉత్తరంలో అడిగే మాట అది. నేనెప్పుడూ జవాబు రాయలేదు. హాలు బయటికి రాగానే వాడికి ఫోన్ చేశాను. "ఏందక్కా, గిట్ల ఏడుస్తున్నవ్? జెర ఆగు, ఇప్పుడే తిన్న" అని నవ్వాడు.

మోకాళ్ల నొప్పి తగ్గిందా? లచ్చమ్మత్తను అడిగానని చెప్పు. వేషానికి నీ ఆకుపచ్చ నేతచీర కావాలి. కట్టి విడిచిందే పంపు, ఉతకకు.

నీ బిడ్డ
సృజన