సుధ పారాచూట్

ఒరేయ్ ప్రభూ,

నువ్వు పోయి నేటికి ఏడాది. ఆ రోజు విమానం నుంచి నీతోపాటు దూకి, హెల్మెట్ కెమెరాతో నిన్ను తీసింది నేనే. తెరుచుకోని నీ పారాచూట్ కూడా ఆ వీడియోలో ఉంది. నేనింతవరకు చూడలేదు.

పొద్దున రాయపురంలో మీ ఇంటికెళ్లాను. నీ చెల్లెలు సుధ కూడా దూకడం నేర్చుకుందట.

"రేపు ఒంటిగా దూకతా ఉండానన్నా. నువ్వే వీడియో తియ్యాల," అంది.

వద్దన్నాను.

"నువ్వు రాకుంటే ఇంకొకర్ని పిలుచుకుంటా."

మీ అమ్మ చేపలు కడుగుతూ తలెత్తలేదు. "ఆడ దాని పక్కన నువ్వైనా ఉండు నాయనా," అంది.

సరేనన్నాను. సాయంత్రం నుంచి సముద్రపు గాలి పెరుగుతోంది. సుధ పారాచూట్ మడిచాను. నమ్మకం కుదరక విప్పి మళ్లీ మడిచాను. ఆ రోజు నీది మడిచిందీ నేనే.